తేరు మైదానం దగ్గర కారు ఆపేశాం

మా వదినకు గద్వాల అంటే ఒకటే లెక్క. ఎర్రవల్లి చౌరస్తా దగ్గర హైవే దిగాలి, చీరల షాపు ముందు కారు ఆపాలి, తెల్ల పరుపు మీద కూర్చుని ముప్పై చీరలు విప్పించాలి, నాలుగు కొనాలి, టైముంటే అలంపురం వెళ్లి జోగులాంబకు దండం పెట్టుకుని హైదరాబాద్ దారి పట్టాలి. ఇప్పటికి మూడుసార్లు అలాగే వచ్చి వెళ్లింది. ఊళ్లో ఓ కోట ఉందని కూడా ఆమెకు తెలియదు. అక్కడే పుట్టి పెరిగిన నాకు ఎలా ఉంటుందో చెప్పండి.

ఈసారి వాళ్ల అమ్మాయి పెళ్లి. మే నెలలో ఫోన్ చేసి, "నువ్వు కూడా రా, రేటు మాట్లాడ్డానికి పనికొస్తావు" అంది. వస్తాను గానీ నాదో షరతు అన్నాను. ముందురోజు రాత్రి మహబూబ్‌నగర్‌లో మా ఇంట్లో పడుకోవాలి. తెల్లవారుజామున అయిదింటికి బయల్దేరాలి. పదింటిదాకా షాపు మాట ఎత్తకుండా నాతో నడవాలి. "ఎండలోనా?" అంది. అందుకే కదా అయిదింటికి అన్నది.

తేరు మైదానం దగ్గర కారు ఆపమని, డ్రైవర్‌ను చాయ్ తాగి పడుకొమ్మని చెప్పి దిగేశాం. ఆరున్నర దాటింది. ముందు కడుపు సంగతి చూడాలి. గద్వాలలో ఇడ్లీ, దోసె దొరకవని కాదు. వాటి కోసం ఇంతదూరం రానక్కర్లేదు. ఇక్కడ పొద్దున తినాల్సింది ఉగ్గాని, పక్కన మిరపకాయ బజ్జీ. హైదరాబాద్ వాళ్లను అడిగితే అది కర్నూలు టిఫిన్ అంటారు. కృష్ణకూ తుంగభద్రకూ నడుమ ఉంది కాబట్టి మాది నడిగడ్డ. పేరుకు తెలంగాణే, 2016 దసరా నాటి నుంచి మాకంటూ జిల్లా కూడా వచ్చింది. నోరు మాత్రం సగం కర్నూలు వైపు, సగం రాయచూరు వైపు తిరిగి ఉంటుంది. మా స్కూల్లో మిగతా టీచర్లు మరమరాలు అంటే నేను బొరుగులు అంటాను. ఇరవై రెండేళ్లయినా ఇంకా నవ్వుతారు.

బండి దగ్గర అక్క బొరుగులను నీళ్లలో వేసి, ఒక్కసారి కలియబెట్టి, వెంటనే గుప్పిళ్లతో పిండి తీసేస్తోంది. ఉగ్గానిలో పనితనం అంతా అక్కడే ఉంది. రెండు క్షణాలు ఆలస్యమైతే ముద్దైపోతుంది, తొందరపడితే లోపల పొడిగా ఉండి గొంతుకు అడ్డం పడుతుంది. ఉల్లిపాయ, పచ్చిమిర్చి, కరివేపాకు, పసుపు తాలింపులో బొరుగులు వేసి, చివర్న పుట్నాల పప్పు, ఎండుకొబ్బరి కలిపి కొట్టిన పొడి చల్లింది. పైన నిమ్మకాయ. "అటుకుల ఉప్మానా ఇది?" అంది వదిన. నేనేం మాట్లాడలేదు. బజ్జీ తుంచి ఉగ్గానిలో కలుపుకుని తినాలని మాత్రం చూపించాను. రెండో ప్లేటు తనే అడిగింది. ఇద్దరికీ కలిపి వంద రూపాయలు కూడా కాలేదు.

అక్కడి నుంచి కోటకు. గోల్కొండలా రాతిగుట్టను ఊహించుకుని వచ్చినవాళ్లు నిరాశపడతారు. ఇది చదును నేల మీద లేచిన మట్టి కోట, మూడు వందల ఏళ్ల కిందటిది, సోమనాద్రి కట్టించింది. మా ఊళ్లో ఆయన్ను రాజు అనరు, సోమనాద్రి అనే అంటారు, నిన్నమొన్న చూసిన మనిషిలా. లోపల చెన్నకేశవస్వామి గుడి ఉంది, మహారాణి ఆదిలక్ష్మీదేవమ్మ పేరుతో డిగ్రీ కాలేజీ ఉంది. నేను చదివింది ఆ కాలేజీలోనే. కోటలో చదువుకున్నానంటే వదిన నమ్మలేదు. "అబ్బో, రాణీగారు" అని చేతులు జోడించింది. గోడలు చాలాచోట్ల కరిగిపోయాయి, పిచ్చిచెట్లు మొలిచాయి. అది చూసినప్పుడల్లా నాకు కోపమొస్తుంది. ఎవరి మీద రావాలో తెలియక మళ్లీ నా మీదికే వస్తుంది, ఎందుకంటే చదువుకునే రోజుల్లో ఆ గోడల నీడలో బుడ్డలు (పల్లీలనే మేం అలా అంటాం) తిని పొట్టు అక్కడే పారబోసిన గుంపులో నేనూ ఉన్నాను.

ఒకప్పుడు ఈ సంస్థానానికి పండితులు క్యూ కట్టేవారట. అందుకే విద్వద్గద్వాల అన్న పేరు. తెలంగాణలో కవులే లేరని ఎవరో అంటే 1934లో 354 మంది కవుల్ని ఒక్కచోట చేర్చి అచ్చేసి చూపించిన సురవరం ప్రతాపరెడ్డి కూడా ఈ నడిగడ్డ మనిషే, ఇటిక్యాలపాడు ఆయన. ఇదంతా చెప్తుంటే వదిన గుడి మెట్ల మీద కూర్చుని చెప్పులో రాయి తీసుకుంటోంది. క్లాసులో పిల్లలు కూడా ఇలాగే చేస్తారు. పాఠం ఆపేశాను.

రాజవీధిలో షట్టర్లు ఇంకా లేవలేదు. చూసే మనిషికి మంచి టైము అదే. బోర్డులు, బొమ్మలు కాకుండా పాత ఇళ్ల అరుగులు, చెక్క స్తంభాలు కనిపిస్తాయి. గంటవీధి వైపు సందుల్లోకి తిరిగాక నేను ఆగి, "వినండి వదినా" అన్నాను. ఏమీ వినపడలేదామెకు. నాకూ వెంటనే వినపడలేదు. నా చిన్నప్పుడు ఈ సందుల్లో మగ్గం చప్పుడు లేని ఇల్లు వెతకాల్సి వచ్చేది. బడికి పోయే ముందు రాట్నం దగ్గర కూర్చుని నాలుగు కండెలు చుట్టాలి, అది మా ఇంట్లో ఆడపిల్లల డ్యూటీ. ఇప్పుడు చెవి రిక్కిస్తే ఎక్కడో రెండిళ్ల అవతల నుంచి టక్కు టక్కు మని వచ్చింది. అదే చిన్నాయన ఇల్లు.

"ఎప్పుడొస్తివి బిడ్డా?" అన్నాడు గుంటలోంచి లేవకుండానే. గుంటమగ్గం మీద ఆయన, పక్కన చిన్నమ్మ. గద్వాల చీర ఒక్కరితో అయ్యే పని కాదు. ఒళ్లు నూలు, అంచు పట్టు, కొంగు పట్టు. అడ్డపోగును అటూ ఇటూ నడిపే నాడెలు ఒంటికి ఒకటి, అటు అంచుకొకటి, ఇటు అంచుకొకటి, మొత్తం మూడు. ఒంటి పేక, అంటే అడ్డపోగు, అంచు దాకా వచ్చి, అంచు పేకను ఒక్క మెలిక వేసి పట్టుకుని, వెనక్కి వెళ్లిపోతుంది. అంచు పేక అంచులోనే తిరుగుతుంది. దీన్నే కుప్పడం అంటారు. ప్రతి పోటుకూ ఆ మెలిక పడాల్సిందే, ఆరు గజాల పొడవునా. అందుకే అంచు రంగు అంత నికార్సుగా ఉంటుంది. ఒంట్లోది ఒక్క పోగు కూడా అందులో కలవదు.

వదిన ఫోన్ లోపల పెట్టేసి గుంట పక్కన బాసింపట్టు వేసుకుని కూర్చుంది. చిన్నమ్మ చెయ్యి చూస్తోంది. కొంగు దగ్గరి అతుకు ఎలా వేస్తారో అడిగింది. నూలు పడుగు, అంటే నిలువు పోగులు, ఆగిపోయే చోట పట్టు పడుగు పోగులను ఒక్కొక్కటే తీసుకుని, వేలికి బూడిద అద్దుకుని, మెలేసి అతకాలి. మా నాన్న అతుకు మీద కూర్చున్న రోజు ఇంట్లో ఫ్యాన్ వేయనిచ్చేవాడు కాదు. ఎండాకాలమైనా సరే.

"అగ్గిపెట్టెలో పట్టే చీర నేసేవాళ్లట కదా ఇక్కడ?" అంది వదిన. ఆ మాట నేనూ పుట్టినప్పటి నుంచి వింటున్నాను, కళ్లతో చూసింది లేదు. చిన్నాయన నవ్వి, అగ్గిపెట్టె సంగతి ఏమోగానీ తిరుపతి పంచెల సంగతి చెప్పాడు. బ్రహ్మోత్సవాల ముందు వెంకటేశ్వరస్వామికి గద్వాల నుంచి జోడు పంచెలు పోతాయి. ఏరువాడ పంచెలంటారు, రెండు ఏర్ల నడుమ ఊరు కదా. పదకొండు గజాల పొడవు, రెండున్నర గజాల వెడల్పు, 15 అంగుళాల అంచు. మండలం రోజులు దీక్షలో ఉండి నేస్తారు. చిన్నప్పుడు ఆ మగ్గం ఉన్న ఇంటి ముందు నుంచి పోతే మేం గట్టిగా మాట్లాడేవాళ్లం కూడా కాదు.

ఒక్కో చీరకు కూలి ఎంత పడుతుందో కూడా చెప్పాడు. నూలు, పట్టు, జరీ సావుకారివి, వీళ్లవి చేతులు. ఆ అంకె ఇక్కడ రాస్తే ఆయనకు మాట వస్తుంది, రాయను. వదిన కాసేపు ఏం మాట్లాడలేదని మాత్రం చెప్పగలను.

అప్పుడు బ్యాగులోంచి తన చీర తీసింది. కిందటేడు సిటీలో ఓ షాపులో గద్వాల అని పదకొండు వేలు పెట్టి కొన్నది. ఆవపిండి రంగు ఒళ్లు, మెరూన్ అంచు. "దీనికి జోడీగా అమ్మాయికి ఒకటి కావాలి" అని చిన్నాయన చేతికిచ్చింది. ఆయన చేతులు తువ్వాలుకు తుడుచుకుని తీసుకున్నాడు. తిరగేశాడు. అంచు ఒంటిని కలిసే చోట బొటనవేలు పెట్టి జానెడు దూరం లాగాడు. మళ్లీ వెనక్కి లాగాడు. తర్వాత ఉన్న మడతల మీదే జాగ్రత్తగా మడిచి ఇచ్చేసి, "రంగు బాగుందమ్మా" అన్నాడు.

నాకు అర్థమైంది. చిన్నమ్మకూ అర్థమైంది, ఆమె లేచి రొట్టెలు చేస్తానని లోపలికి వెళ్లిపోయింది. వదిన చీర అంచులో మెరూన్ మీద ఆవపిండి దుమ్ము చల్లినట్టు ఉంది. ఒంటి పేక ఆగకుండా అంచులోకి దూరిపోతే అలాగే కనిపిస్తుంది. కలిసే చోట మెలికే లేదు. ఏదో పవర్‌లూమ్ మీద గంటల్లో దిగిన సరుకు.

చిన్నమ్మ రొట్టె తినకుండా పంపిస్తుందా? జొన్నపిండిలో వేడినీళ్లు పోసి కలిపి, పీట మీద అరచేత్తో తడుతూ తిప్పుతుంటే రొట్టె దానంతటదే పెద్దదైంది. పెనం మీద వేశాక పైన తడిబట్టతో ఒక్కసారి తుడిచింది. పొయ్యి సెగకు ఉబ్బింది. పక్కన పుంటికూర (గోంగూర), పచ్చిమిరపకాయల కారం, బుడ్డల పొడి. వదిన ఇంట్లో రొట్టెలకు పిండి కలిపే మెషిన్ ఉంది. అది ఇక్కడ గుర్తొచ్చిందేమో, "మాకు ఇంత పలచగా రావు పిన్నీ" అంది. నేను మాత్రం రొట్టె నములుతూ ఒకటే టెన్షన్. చెప్పాలా, వద్దా? చెప్తే పెళ్లి పనుల మధ్య మనసు పాడవుతుంది. చెప్పకపోతే దానికి జోడీ అని షాపువాడిని అడుగుతుంది, వాడు సంతోషంగా అలాంటిదే ఇంకోటి అంటగడతాడు.

మా పాత ఇల్లు అదే సందులో. అమ్మేసి తొమ్మిదేళ్లయింది. తలుపు తీసి ఉంటే లోపలికి తొంగిచూశాను. మగ్గం గుంట ఉన్న చోట సిమెంట్ చేసి బైక్ నిలబెట్టారు. సిమెంట్ రంగు చుట్టూ ఉన్న బండల కన్నా తెల్లగా, చతురస్రంగా ఉంది. ఇంటావిడ "ఎవరు కావాల?" అంది. ఎవరూ లేదమ్మా అని వచ్చేశాం. కృష్ణవేణి చౌక్ దాకా వదిన నా చెయ్యి వదల్లేదు.

జమ్ములమ్మ గుడి, జూరాల చేపలు ఇంకోసారికి మిగిలిపోయాయి. చేపలు ఎలాగూ కుదరవు, ఆరోజు శుక్రవారం.

పదిన్నరకు షాపులో కూర్చున్నాం. కుర్రవాడు చీర మీద చీర విసురుతున్నాడు. నాలుగో చీర దగ్గర వదిన ఆగింది. తీసుకుని తిరగేసింది. అంచు దగ్గర బొటనవేలు పెట్టి లాగింది, అచ్చం చిన్నాయనలాగే. ఆ తర్వాత తన బ్యాగులో చీర కొంచెం బయటికి లాగి, దాని మీదా వేలు పెట్టింది. నా వైపు చూసింది.

"నీకు తెలుసా?"

"పొద్దునే తెలిసింది వదినా."

చీరను బ్యాగులో అడుక్కి తోసేసి, కుర్రవాడితో, "బాబూ, ఇవన్నీ తీసెయ్. మగ్గం మీద నేసినవి, కుప్పడం ఉన్నవి మాత్రం చూపించు" అంది. వాడు ఒక్క క్షణం తెల్లబోయి లోపలి గదిలోకి వెళ్లాడు. నాలుగు కొందామని వచ్చిన మనిషి రెండే కొంది, బేరం నన్ను చేయనివ్వలేదు.

తిరుగు దారిలో ఎర్రవల్లి దాకా మౌనమే. చౌరస్తా వచ్చాక అడిగింది, "మీ చిన్నాయన ఎందుకు చెప్పలేదు?"

"ఇంటికొచ్చిన మనిషి ముచ్చటపడి చూపించిన చీర. ఏమని చెప్తాడు?"

ఆమె పొద్దున కట్టించుకున్న బజ్జీల పొట్లం విప్పింది. చల్లారి మెత్తబడిపోయాయి. అయినా ఒకటి తిని, "కొంగుకు వేరే రంగు కావాలంటే నేసిస్తాడా? ఫోన్ నంబరు ఇవ్వు" అంది.